ముసుగు మీద మన చూపు, కాగితం మీద వాళ్ల పోరు

అందరికీ నమస్కారం, ఆదాబ్. నిర్వాహకులు నాకు అప్పగించిన అంశం ‘ముస్లిం సమాజాల్లో స్త్రీలు, స్త్రీవాదం’. గంటలో చెప్పమన్నారు. మొరాకో నుంచి ఇండోనేషియా దాకా ఉన్న దేశాలు, దాదాపు రెండు వందల కోట్ల జనం, అందులో సగం ఆడవాళ్లు. గంటలో! వాళ్ల ధైర్యానికి మెచ్చుకోవాలి, ఒప్పుకున్న నా ధైర్యానికి ఇంకా మెచ్చుకోవాలి.

ముందే ఒక మాట చెప్పేస్తాను. ‘ముస్లిం స్త్రీ’ అనే మనిషి ఎక్కడా లేదు. సుమత్రా దీవిలో మినాంగ్‌కబావు అనే జనం ఉన్నారు. వాళ్లలో వంశపు ఇల్లూ పొలమూ తల్లి నుంచి కూతురికి వెళ్తాయి. నమాజు చేస్తారు, రోజా ఉంటారు, వాళ్లు ముస్లింలే. కాబూల్లో ఈరోజు ఆడపిల్లకు ఆరో తరగతితో బడి అయిపోతుంది. అదీ ముస్లిం సమాజమే. ఈ ఇద్దరినీ ఒకే వాక్యంలో ఎలా ఇరికిస్తాం? ఇరికించలేం. అందుకని నేను ఒక్క దారి పట్టుకుని పోతాను. ఆ దారి పెళ్లి కాగితం. నికానామా అనండి, అక్ద్ అనండి, కాబిన్‌నామా అనండి, దేశాన్ని బట్టి పేరు మారుతుంది. గత నూటపాతికేళ్లలో ఆడవాళ్లు ఎక్కువగా పోరాడింది ఆ కాగితం మీదా, దాని వెనక ఉన్న కుటుంబ చట్టం మీదా. మనం మాత్రం, అంటే బయటి నుంచి చూసేవాళ్లం, నూటపాతికేళ్లుగా ముసుగు మీద నుంచి చూపు తిప్పుకోలేదు.

సరే, ఆ ముసుగు సంగతే ముందు తేల్చుకుందాం. అది తేలకపోతే మీరు మిగతాది వినరు, నాకు తెలుసు.

1923. ఈజిప్టు స్త్రీవాది హుదా షారావీ రోములో జరిగిన అంతర్జాతీయ స్త్రీల ఓటుహక్కు మహాసభకు వెళ్లి కైరోకు తిరిగొచ్చింది. రైల్వే స్టేషన్లో దిగేటప్పుడు ముఖం మీది తెర తీసేసింది. ఈ సంఘటన అందరికీ తెలుసు, పాఠ్యపుస్తకాల్లో కూడా ఉంటుంది. ఆమె తీసింది ముఖం మీది తెర మాత్రమే, తల మీది గుడ్డ కాదు అన్న సంగతి చాలామందికి తెలియదు. అది సరే. ఆమె పెళ్లి కథ ఎంతమందికి తెలుసు? పదమూడేళ్ల పిల్లను, తనకు సంరక్షకుడుగా ఉన్న దగ్గరి బంధువుకు, ఆమెకంటే ఎంతో పెద్దవాడికి ఇచ్చి చేశారు. అతనికి అప్పటికే ఇంట్లో ఇంకొక ఆడమనిషి ఉంది, పిల్లలున్నారు. హుదా తల్లి ఏం చేసిందో తెలుసా? అల్లుడి చేత షరతు రాయించింది. ఆ పాత సంబంధం వదిలేయాలి, ఈమె ఒక్కతే భార్యగా ఉండాలి అని. అతను ఏడాదీ, ఏడాదిన్నర తిరగకుండానే ఆ పాత ఇంటికి మళ్లీ వెళ్లాడు. కాగితం ఉంది కదా! ఆ కాగితం బలంతో హుదా ఏడేళ్లు విడిగా ఉంది. ఆ ఏడేళ్లలో చదువుకుంది, పియానో నేర్చుకుంది, పదిమంది స్త్రీలతో పరిచయాలు పెంచుకుంది. మనకు తెలిసిన హుదా షారావీ ఆ ఏడేళ్లలో తయారైంది. స్టేషన్లో తెర తీయడం ఒక నిమిషం పని. ఆ నిమిషానికి ముందు ఏడేళ్లున్నాయి, ఆ ఏడేళ్లకు ముందు తల్లి రాయించిన ఒక షరతు ఉంది. మనకు గుర్తున్నది ఏది? ఆ నిమిషం.

అదే 1923లో ఆమె ఈజిప్షియన్ ఫెమినిస్ట్ యూనియన్ పెట్టింది. వాళ్లు అడిగినవి ఆడపిల్లల చదువు, పెళ్లికి కనీస వయసు, తలాక్ మీదా రెండో పెళ్లి మీదా అదుపు. పెళ్లికూతురికి పదహారు, పెళ్లికొడుక్కి పద్దెనిమిది ఉండాలన్న చట్టం ఆ ఏడాదే వచ్చింది. కోర్కెల పట్టికంతా కాగితాల గురించే.

మరి ముసుగు మీద ఇంత రభస ఎందుకు? రాజ్యాలకు అది పనికొచ్చింది కాబట్టి. లార్డ్ క్రోమర్ అని ఒకాయన 1883 నుంచి 1907 దాకా ఈజిప్టును నడిపించిన బ్రిటిష్ అధికారి. ఈజిప్టు వెనకబాటుకు అక్కడి ఆడవాళ్ల పర్దా కారణమని రాసినవాడు. ఆయన పాలనలో బడి ఫీజులు పెరిగాయి. ఇంగ్లండుకు తిరిగి వెళ్లాక ఏం చేశాడు? ఆడవాళ్లకు ఓటు ఇవ్వకూడదని పెట్టిన మగవాళ్ల సంఘానికి అధ్యక్షుడయ్యాడు! అక్కడ వద్దు, ఇక్కడ కావాలి. నవ్వుతున్నారు గానీ ఇదే కథ మళ్లీ మళ్లీ జరిగింది. 1958 మే నెలలో అల్జీర్స్‌లో ఫ్రెంచి సైన్యం పెద్దలు సభ పెట్టి, అల్జీరియా స్త్రీల చేత జనం ముందు ముసుగులు తీయించారు. బయట స్వాతంత్ర్య యుద్ధం నడుస్తోంది, ఊళ్లకు ఊళ్లు తగలబడుతున్నాయి, ఇక్కడ విమోచన ఉత్సవం!

ఇక దేశీ రాజులు తక్కువ తిన్నారా? ఇరాన్‌లో రెజా షా 1936 జనవరిలో ముసుగు నిషేధించాడు. పోలీసులు వీధిలో లాగేశారు. ఎందరో ఆడవాళ్లు ఇంట్లోంచి కాలు బయటపెట్టడం మానేశారు. 1979లో విప్లవం వచ్చింది. కప్పుకోవాలన్న మాట వినబడగానే మార్చి 8న టెహ్రాన్ వీధుల్లోకి వేల మంది స్త్రీలు వచ్చారు. అయినా 1983కల్లా చట్టం చేసి కప్పించారు. రాజు లాగించినా, విప్లవ ప్రభుత్వం కప్పించినా చెయ్యి పోలీసుదే. తుర్కియేలో 1999లో తలగుడ్డతో వచ్చిన ఎంపీ మెర్వె కవాక్చిని పార్లమెంటులో ప్రమాణం చేయనివ్వలేదు. అదీ బలవంతమే కదా?

అయితే ముసుగు చిన్న విషయం అని నేను అనను. 2022 సెప్టెంబరులో మహసా అమీనీని తలగుడ్డ సరిగా లేదని పట్టుకెళ్లారు, ఇరవై రెండేళ్ల పిల్ల, పోలీసుల అదుపులోనే ప్రాణాల మీదికి వచ్చి పోయింది. దాని మీద దేశం దేశమే లేచింది. ‘జన్, జిందగీ, ఆజాదీ’ అని అరిచారు. జన్ అంటే స్త్రీ, మిగతావి మనకు తెలిసిన మాటలే. ప్రాణం తీసే విషయాన్ని చిన్నది అని ఎవరంటారు? నేననేది వేరు. ముసుగు తీస్తే స్వేచ్ఛ, వేస్తే బానిసత్వం అనుకునే లెక్కలో ఆ ఇంటి ఆడమనిషికి విడాకులు దొరుకుతాయా, పిల్లలు ఎవరి దగ్గర ఉంటారు, ఇల్లు ఎవరిది అన్నవి కనబడవు. ఇప్పుడు అవి చూద్దాం.

నికా ఒక ఒప్పందం

ఇస్లాంలో పెళ్లి ఒప్పందం. ఇది నేను కొత్తగా చెప్పేది కాదు. ఇద్దరి సమ్మతి ఉండాలి, సాక్షులుండాలి, మెహర్, అంటే పెళ్లికొడుకు ఇచ్చే సొమ్ము, పెళ్లికూతురికి చెందాలి. ఆమె తండ్రికి కాదు, ఆమెకు. ఆస్తి ఆమె పేరునే ఉంటుంది. ఇంగ్లండులో పెళ్లయిన స్త్రీ సొంత ఆస్తిని సొంతంగా ఉంచుకోవడానికి 1870లో ఒక చట్టం, 1882లో ఇంకొక చట్టం కావలసి వచ్చాయి. మరి ఇక్కడ అంతా బాగుందా? బాగుంటే ఈ సభ ఎందుకు? మగవాడు తలాక్ చెప్పి పోగలడు. ఆడది పోవాలంటే మొగుడు ఒప్పుకోవాలి, లేదా ఖాజీ, అంటే న్యాయమూర్తి, ఒప్పుకోవాలి. ఒప్పందంలోకి ఇద్దరూ కలిసి వచ్చారు, బయటికి వెళ్లే తలుపు మాత్రం ఒకరి చేతిలో ఉంది.

కానీ ఒప్పందం కాబట్టి షరతులు రాసుకోవచ్చు. ట్యునీషియాలో ఖైరవాన్ అనే పాత పట్టణం ఉంది. అబ్బాసీ ఖలీఫా మన్సూర్ అక్కడి అర్వా అనే ఆమెను చేసుకున్నప్పుడు, ఆమె ఉండగా ఇంకొక పెళ్లి చేసుకోనని రాసిచ్చాడని చెబుతారు. ఎనిమిదో శతాబ్దం మాట. ఆ తర్వాత ఆ ఊళ్లో అలా రాయించుకోవడమే ఆచారమైంది. ఉస్మానీ (ఒట్టోమన్) సామ్రాజ్యపు కోర్టు దస్తావేజులు తిరగేస్తే అలెప్పోలో, కైసేరిలో, కైరోలో ఆడవాళ్లు స్వయంగా ఖాజీ ముందు నిలబడి బాకీ మెహర్ అడిగారు, ఇల్లు అమ్మారు, అన్నదమ్ముల మీద దావా వేశారు. నోరులేని ఆడవాళ్లు కారు వాళ్లు. అలాగని బంగారు కాలమూ కాదు. గతాన్ని స్వర్గం చేసేవాళ్లను నేను నమ్మను. బానిస స్త్రీలు కూడా ఆ కాలంలోనే ఉన్నారు కదా.

ఇంకొక సంగతి. న్యాయశాస్త్రం అంటే ఒకటే పుస్తకం కాదు. సున్నీలలోనే నాలుగు మజ్‌హబ్‌లు, అంటే న్యాయశాస్త్ర శాఖలు; హనఫీ, మాలికీ అందులోవే. షియాలది వేరు. ఈ తేడా ఎంతదో చూడండి. హనఫీ శాస్త్రంలో పెద్దదైన స్త్రీ తన పెళ్లి తానే చేసుకోవచ్చు, వలీ, అంటే తండ్రి వంటి సంరక్షకుడు, తప్పనిసరి కాదు. మాలికీలో వలీ ఉండి తీరాలి. అయితే హనఫీ ఎంత ఉదారం అనుకుంటున్నారా? ఆగండి. మొగుడు కొడుతున్నాడు, తిండి పెట్టడం లేదు, విడిపోవాలి అంటే హనఫీ దాదాపు దారి ఇవ్వదు. మాలికీ ఇస్తుంది. మొగుడు కనబడకుండా పోతే మాలికీలో నాలుగేళ్లు ఎదురుచూస్తే చాలు. హనఫీలో? అతని ఈడువాళ్లందరూ పోయేదాకా. కొందరు పండితుల లెక్కలో అతనికి తొంభై ఏళ్లు వచ్చేదాకా! ఇరవై ఏళ్ల పిల్ల పాతికేళ్ల మొగుడి కోసం అరవై అయిదేళ్లు కూర్చోవాలి. లోపలికి రావడం సులువైన చోట బయటికి పోవడం కష్టం, బయటికి పోవడం సులువైన చోట లోపలికి రావడానికి తండ్రి సంతకం కావాలి.

ఇప్పుడు చెప్పబోయేది మన ఉపఖండపు కథ. ఇది కాస్త తీరిగ్గా చెబుతాను, ఎందుకంటే నాకు ఈ అంశం మొత్తంలో ఇష్టమైన కథ ఇదే.

బ్రిటిష్ కాలం, పంజాబు. అక్కడి ముస్లింలు హనఫీలు. కోర్టుల్లో హనఫీ శాస్త్రమే నడుస్తుంది. మొగుళ్లు వదిలేసిన ఆడవాళ్లు, మొగుడు దేశాంతరం పోయిన ఆడవాళ్లు ఏం చేయాలి? తొంభై ఏళ్ల లెక్క చెప్పాను కదా. వాళ్లకు ఒక కిటుకు దొరికింది. అదే హనఫీ శాస్త్రం ప్రకారం భార్య మతం వదిలేస్తే పెళ్లి రద్దవుతుంది. అంతే! ఆడవాళ్లు కోర్టుకు వచ్చి ‘నేను ఇస్లాం వదిలేశాను’ అని చెప్పడం మొదలుపెట్టారు. కొందరు క్రైస్తవం పుచ్చుకున్నారు. కోర్టు పెళ్లి రద్దు చేస్తూ పోయింది. వాళ్లు ఏ సభా పెట్టలేదు, ఏ పత్రికా నడపలేదు, స్త్రీవాదం అన్న మాట వాళ్ల చెవిన పడి ఉండదు. వాళ్లు చేసింది ఒక్కటే, తలుపు తీయకపోతే గోడ దూకారు.

ఉలేమాల, అంటే మత పండితుల, గుండెల్లో రాయి పడింది. మౌలానా అష్రఫ్ అలీ థానవీ అనే పెద్దాయన, దేవ్‌బంద్ పరంపర. ఆయన ఆడవాళ్ల స్వేచ్ఛ కోరే మనిషి కాడు, ఆ అపోహ ఎవరికీ అక్కర్లేదు. ఆడవాళ్లు ఇంట్లో ఎలా మసలుకోవాలో లావుపాటి పుస్తకం రాసిన మనిషి. కానీ ఆయన 1931లో పెద్ద ఫత్వా గ్రంథం తెచ్చాడు. మాలికీ పండితులకు ఉత్తరాలు రాసి, వాళ్ల అభిప్రాయాలు తెప్పించుకుని, ఈ విషయంలో మాలికీ మార్గం పట్టవచ్చని తేల్చాడు. నాలుగేళ్లు కనబడకపోతే విడిపోవచ్చు, పోషించకపోతే విడిపోవచ్చు. అదే చేత్తో, మతం వదిలినంత మాత్రాన పెళ్లి రద్దు కాదని కూడా తేల్చాడు. కిటికీ మూశాడు, తలుపు తెరిచాడు. దాని మీద శాసనసభలో కాజ్మీ గారు బిల్లు పెట్టారు. 1939లో ముస్లిం వివాహాల రద్దు చట్టం వచ్చింది. నాలుగేళ్లు ఆచూకీ లేకపోతే, రెండేళ్లు పోషించకపోతే, ఏడేళ్లు జైలు పడితే, క్రూరంగా చూస్తే భార్య కోర్టుకు వెళ్లి విడాకులు తీసుకోవచ్చు. ఆ చట్టం భారతదేశంలో, పాకిస్తాన్లో, బంగ్లాదేశ్‌లో ఇప్పటికీ అమల్లో ఉంది.

శాస్త్రం ఎప్పుడు కదిలింది చెప్పండి? ఎవరో ఉదార హృదయులు ఆలోచించినప్పుడా? ఆడవాళ్లు గుంపులుగా బయటికి నడిచినప్పుడు కదిలింది. వాళ్ల పేర్లు మనకు గుర్తు లేవు. నన్నడిగితే ఉపఖండపు ముస్లిం స్త్రీవాదానికి వ్యవస్థాపకులు వాళ్లే.

పద్దెనిమిదో గడి

1955లో పాకిస్తాన్ ప్రధాని మహమ్మద్ అలీ బోగ్రా రెండో పెళ్లి చేసుకున్నాడు. తన కార్యాలయంలో పనిచేసే ఆమెనే. దేశంలో చదువుకున్న ఆడవాళ్లు భగ్గుమన్నారు. రానా లియాఖత్ అలీ ఖాన్ స్థాపించిన అఖిల పాకిస్తాన్ మహిళా సంఘం రంగంలోకి దిగింది. కమిషన్ పడింది, వాదాలు జరిగాయి, చివరికి 1961లో ముస్లిం కుటుంబ చట్టాల ఆర్డినెన్సు వచ్చింది. రెండో పెళ్లికి మధ్యవర్తి మండలి అనుమతి కావాలి, తలాక్ చెప్తే యూనియన్ కౌన్సిల్‌కు, అంటే స్థానిక పాలక మండలికి, నోటీసు ఇవ్వాలి, పెళ్లి నమోదు చేయాలి.

నమోదుకు ఒక అచ్చు ఫారం పెట్టారు. అందులో పద్దెనిమిదో గడి చూడండి. ‘భర్త తన తలాక్ హక్కును భార్యకు అప్పగించాడా? అప్పగిస్తే ఏ షరతుల మీద?’ అంతే ప్రశ్న. దానికి ‘అవును’ అని రాస్తే భార్య కోర్టుల చుట్టూ తిరగక్కర్లేదు, మెహర్ వదులుకోనక్కర్లేదు, తానే విడిపోవచ్చు. ఇది షరియత్‌కు బయటిది కాదు, తలాక్-ఎ-తఫ్వీజ్ అని పాత గ్రంథాల్లో ఉన్నదే. ఆ తర్వాతి గడి, పంతొమ్మిదోది, భర్త తలాక్ హక్కు మీద ఏమైనా కట్టడి ఉందా అని అడుగుతుంది.

మరి ఎన్ని పెళ్లిళ్లలో ఆ గడులు నింపుతారు? పాకిస్తాన్లో నికా చదివించే ఆయన చాలాచోట్ల ఎవరినీ అడగకుండానే ఆ గడి మీద అడ్డగీత గీసేస్తాడు. పెళ్లికూతురు లోపలి గదిలో ఉంటుంది. వకీలు, సాక్షులు వచ్చి ‘ఖుబూల్ హై’ అనిపించుకుని సంతకం పెట్టమని వేలు చూపిస్తారు. ఆ పిల్ల తలవంచుకుని పెడుతుంది. పెళ్లినాడు విడాకుల మాట ఎత్తడం అశుభం అని పెద్దలంటారు. అశుభమే! మరి మెహర్ మాట ఎత్తడం శుభమా, అది కూడా సగం విడాకుల కోసమే కదా? చట్టం ఇచ్చిన హక్కును ఒక కలం గీత తీసేస్తుంది. దాని మీద ఏ దేశపు టీవీలోనూ చర్చ పెట్టరు. గీత కెమెరాకు కనబడదు, గుడ్డ కనబడుతుంది.

బంగ్లాదేశ్‌లో అదే ఫారం వారసత్వంగా వచ్చింది. అక్కడ ఐదో గడిలో పెళ్లికూతురు కన్యా, వితంతువా, విడాకులు పొందినదా అని ఉండేది. పెళ్లికొడుకును ఆ మాట అడిగేవారు కాదు. దాని మీద స్త్రీల సంఘాలు వ్యాజ్యం వేస్తే 2019లో హైకోర్టు ‘కన్య’ తీసి ‘అవివాహిత’ అని పెట్టమంది. ఏళ్లకు ఏళ్లు నడిచిన దావా. ఒక గడిలో ఒక మాట కోసం ఇంత ఓపికా అని మీరు అనుకోవచ్చు. ఇలాంటి ఓపికే ఈ ఉద్యమానికి పెట్టుబడి.

ఇరాన్ ఇంకా తమాషా. విప్లవం తర్వాత స్త్రీల హక్కుల చట్టాలు అటకెక్కాయి. షిరిన్ ఇబాదీ టెహ్రాన్ కోర్టుకు అధ్యక్షత వహించిన న్యాయమూర్తి. ఆడది జడ్జీగా పనికిరాదని ఆమెను అదే కోర్టులో గుమస్తాగా కూర్చోబెట్టారు. ఆ తర్వాత ఆమె వకీలుగా పోరాడి 2003లో నోబెల్ శాంతి బహుమతి అందుకుంది, అది వేరే సంగతి. అదే ప్రభుత్వం, అదే 1980లలో, అచ్చు పెళ్లి కాగితంలో పన్నెండు షరతులు పెట్టింది. భర్త వాటి కింద సంతకాలు పెడితే ఆ సందర్భాల్లో భార్య అతని తరఫున తానే విడాకులు పొందవచ్చు. ఎందుకు పెట్టింది? విప్లవంలో ఆడవాళ్లు నడిచారు కాబట్టి, వాళ్లను పూర్తిగా కాదనలేక. ఇక మెహర్. బంగారు నాణేల్లో రాస్తారు, వందల్లో రాస్తారు. భార్యకు ఆ నాణేలు కావాలనా? కాదు, అది చేతిలో ఉంటే బేరమాడవచ్చు. ‘మెహర్ నీకే వదిలేశాను, నా ప్రాణం వదిలెయ్’ అని అక్కడ ఒక నానుడి. మెహర్ చెల్లించలేక జైలుకు పోయే మగవాళ్లు ఎక్కువయ్యారని 2013లో చట్టం మార్చి, నూట పది నాణేల పైన ఉన్న బాకీకి ఆ విధంగా జైలు లేదన్నారు. మగవాడి ఇబ్బంది మీద చట్టం ఎంత చురుగ్గా కదులుతుందో చూశారా?

ఈజిప్టులో స్త్రీల హక్కుల న్యాయవాదులు, కార్యకర్తలు ఏళ్ల తరబడి కూర్చుని, షరతులు రాసుకునే చోటు ఉన్న కొత్త పెళ్లి కాగితం కావాలని తిరిగారు. 2000లో కాగితం మారింది. అదే ఏడాది ఖులా చట్టం వచ్చింది. తీసుకున్న మెహర్ తిరిగిచ్చి, రావలసినవి వదులుకుంటే, మొగుడు ఒప్పుకోకపోయినా కోర్టు విడాకులు ఇచ్చి తీరాలి. కారణం చెప్పక్కర్లేదు. పార్లమెంటులో పెద్ద గొడవ. ‘ఆడవాళ్లు చిన్న కోపానికే సంసారాలు వదిలేస్తారు’ అన్నారు. సమర్థించినవాళ్లు హదీస్, అంటే ప్రవక్త గురించిన ఉల్లేఖనం, చూపించారు. సాబిత్ బిన్ ఖైస్ భార్య ప్రవక్త దగ్గరికి వచ్చి, ‘ఆయన మతంలో గానీ గుణంలో గానీ తప్పు పట్టను, కానీ కలిసి ఉండలేను’ అంది. ‘అతను మెహర్‌గా ఇచ్చిన తోట తిరిగి ఇస్తావా’ అని అడిగారు. ఇస్తానంది. అంతే, విడిపోయింది. పద్నాలుగు వందల ఏళ్ల కిందట ఒకామె అన్న మాట 2000లో చట్టమైంది. మధ్యలో అన్ని శతాబ్దాలూ ఆ హదీస్ ఎక్కడికీ పోలేదు, పుస్తకంలోనే ఉంది. చదివే కళ్లు మారాయి. ఇక్కడ ఒక మెలిక కూడా చెప్పాలి. ఖులాలో స్త్రీ తన స్వేచ్ఛ తాను కొనుక్కుంటుంది. డబ్బున్నామెకు సరే, కూలి చేసుకునే ఆమెకో?

పైనుంచి వచ్చింది, కిందనుంచి వచ్చింది

అరబ్ దేశాల్లో ట్యునీషియా ముందు. 1956 ఆగస్టు 13, స్వాతంత్ర్యం వచ్చి ఆరు నెలలు కూడా కాలేదు, ప్రధాని బూర్గీబా కొత్త కుటుంబ చట్టం తెచ్చాడు. బహుభార్యత్వం రద్దు, విడాకులు ఎవరికైనా కోర్టులోనే. దానికి పాతికేళ్ల ముందు, 1930లో, తాహిర్ హద్దాద్ అనే యువకుడు, జైతూనా మదరసాలో చదువుకున్నవాడు, ఈ మార్పులన్నీ షరియత్ పరిధిలోనే సాధ్యమని రాశాడు. అతని పట్టాలు రద్దు చేసి వెలివేశారు. 1935లో ముప్పైల వయసులోనే చనిపోయాడు. చట్టం వచ్చాక వీరుడన్నారు.

కానీ పైనుంచి వచ్చిన దానిలో ఒక చిక్కుంది. ఇచ్చినవాడే తీసుకోగలడు. ట్యునీషియాలో స్వతంత్ర స్త్రీల సంఘాలను నిరంకుశ ప్రభుత్వం పెరగనివ్వలేదు. 1981లో బడుల్లో, కార్యాలయాల్లో తలగుడ్డ నిషేధించింది. ఇరాన్ షా 1967లో ఇచ్చిన కుటుంబ రక్షణ చట్టం విప్లవం వచ్చిన వారాల్లోనే మూలపడింది. ఇస్తాంబుల్ పేరుతోనే ఉన్న స్త్రీ హింస వ్యతిరేక ఒడంబడిక నుంచి తుర్కియే 2021లో ఒక రాత్రి అధ్యక్షుడి ఉత్తర్వుతో తప్పుకుంది. సౌదీలో 1990 నవంబరులో నలభై ఏడు మంది స్త్రీలు రియాద్‌లో కార్లు నడిపి ఉద్యోగాలు పోగొట్టుకున్నారు. 2017లో రాజు అనుమతి ప్రకటించాడు, 2018 జూన్‌లో అది అమల్లోకి వచ్చింది. అమల్లోకి రావడానికి కొద్ది వారాల ముందు, ఆ హక్కు అడిగిన లుజైన్ అల్ హథ్లూల్ వంటివాళ్లను అరెస్టు చేశారు. అంటే ఏమిటి? కారు నడపండి, కానీ అది మీరు సాధించారని అనుకోకండి, నేను ఇచ్చాను.

మొరాకో దారి వేరు. 1992లో అక్కడి స్త్రీలు కుటుంబ చట్టం మార్చాలని పది లక్షల సంతకాలకు బయలుదేరారు. ఫత్వాలు వచ్చాయి, బెదిరింపులు వచ్చాయి. మరుసటి ఏడాది రాజు కొద్దిపాటి మార్పులు చేశాడు. 2000 మార్చిలో ఒకే రోజు రెండు ఊరేగింపులు. రబాత్‌లో మార్పు కావాలని, కాసాబ్లాంకాలో వద్దని. వద్దన్న ఊరేగింపే పెద్దది. అందులోనూ ఆడవాళ్లు బారులు తీరారు. ఇది మనం మింగుడుపడినా పడకపోయినా చూడాలి. వాళ్లంతా ఎవరో తోలుకొచ్చిన గొర్రెలు అనుకుంటే మనకూ క్రోమర్‌కూ తేడా ఏముంది? చివరికి 2004లో కొత్త ముదవ్వనా, అంటే కుటుంబ చట్టం, వచ్చింది. పెళ్లి వయసు పద్దెనిమిది, కుటుంబ బాధ్యత ఇద్దరిదీ, పెద్దదైన స్త్రీకి వలీ ఐచ్ఛికం. మాలికీ దేశంలో వలీ ఐచ్ఛికం! హనఫీ నుంచి తెచ్చుకున్నారు. పంజాబు మాలికీ నుంచి తెచ్చుకుంది, మొరాకో హనఫీ నుంచి తెచ్చుకుంది. అయితే జడ్జి అనుమతిస్తే పద్దెనిమిది నిండకుండా కూడా పెళ్లి చేయవచ్చన్న మినహాయింపు ఉంచారు. ఆ సందులోంచి ఏటా వేల పెళ్లిళ్లు దూరాయి.

వెనక నుంచి ఒక చీటీ వచ్చింది. ‘మతగ్రంథాలతో ఈ కుస్తీ ఎందుకు, పక్కన పెట్టేస్తే సరిపోదా’ అని. మంచి ప్రశ్న. ముస్లిం స్త్రీవాదుల్లోనే ఈ వాదం నడుస్తోంది. చట్టాన్ని మతం నుంచి విడదీస్తేనే సమానత్వం అనేవాళ్లు ఉన్నారు, వాళ్ల మాటలో బలం ఉంది. ఎందుకంటే వ్యాఖ్యానంతో గెలిచింది ఇంకొక వ్యాఖ్యానంతో పోవచ్చు. మరోపక్క, 2009లో కౌలాలంపూర్‌లో మొదలైన ముసావా వంటి వేదికలు, గ్రంథం దైవానిది కావచ్చు గానీ దాని మీద కట్టిన న్యాయశాస్త్రం మనుషులది, మగవాళ్లది, కాబట్టి మార్చవచ్చు అంటాయి. నా మాట అడిగితే, పంజాబు ఆడవాళ్లకు ఈ ఎంపిక లేదు. వాళ్లు మతం బయటికి నడిచారు, దాంతో మతం లోపల మారింది. రెండూ ఒకదాన్నొకటి నడిపించాయి. ఇండోనేషియాలో 2017లో చిరెబాన్‌లో స్త్రీ ఉలేమాలు మహాసభ పెట్టుకున్నారు. మదరసాల్లో చదివి, మదరసాలు నడిపే ఆడవాళ్లు. బాల్యవివాహాన్ని ఆపడం విధి అని వాళ్లే మతపరమైన తీర్పు ఇచ్చారు. మరోవైపు రాజ్యాంగ న్యాయస్థానంలో సమానత్వం పేరుతో కేసు నడిచింది. 2019లో ఆడపిల్లల పెళ్లి వయసు పదహారు నుంచి పంతొమ్మిదికి పెరిగింది. మసీదు వాదం గెలిచిందా, కోర్టు వాదం గెలిచిందా? వాళ్లనడిగితే నవ్వుతారు.

మన దేశం గురించి రెండు మాటలే, మీకు తెలిసినవే. షా బానో 1985లో గెలిచింది నెలకు 179 రూపాయల 20 పైసల మనోవర్తి. దాని మీద దేశం అట్టుడికింది, 1986లో చట్టం వచ్చింది. 2001లో సుప్రీంకోర్టు ఆ చట్టాన్నే స్త్రీకి అనుకూలంగా చదివింది. 2017లో షయారా బానో కేసులో ఒకేసారి చెప్పే మూడు తలాక్‌లు చెల్లవన్నది. 2019లో దాన్ని మూడేళ్ల దాకా జైలు పడే నేరం చేశారు. మొగుడు జైల్లో కూర్చుంటే పోషణ ఎవరిస్తారని అడిగిన ముస్లిం స్త్రీలకు సరైన జవాబు రాలేదు. వాళ్ల పేరు మీద చట్టం, వాళ్ల ప్రశ్నకు మౌనం.

నాకు సమయం అయిపోవస్తోంది, ఆస్తి విషయం ఒకటి చెప్పి కూర్చుంటాను. ఖురాన్ కూతురికి వాటా ఇచ్చింది, కొడుకు వాటాలో సగం. చాలా సమాజాల్లో ఆ సగం కూడా చేతికి రాదు. పాత పంజాబులో వాడుక పేరు చెప్పి కూతుళ్లకు పొలం ఇవ్వలేదు. 1937 షరియత్ చట్టంలో వ్యవసాయ భూమిని మినహాయించారు. శాసనసభల్లో కూర్చున్నది భూస్వాములు కదా! షరియత్ కావాలి, కానీ పొలం దగ్గర మాత్రం వద్దు. ఇవాళ్టికీ ఎన్నో ఇళ్లలో చెల్లెళ్లు తమ వాటాను అన్నలకు ‘మాఫ్’ చేస్తారు, చేయకపోతే పుట్టింటి గడప మూసుకుపోతుందని. కాగితం మీద సంతకం ఆమెదే ఉంటుంది. ట్యునీషియాలో 2018లో సమాన వాటా బిల్లు మంత్రివర్గం దాటింది, దాన్ని తెచ్చిన అధ్యక్షుడు మరుసటి ఏడాది చనిపోయాడు, బిల్లు పార్లమెంటులోనే ఆగిపోయింది. పెళ్లి వయసు మార్చారు, విడాకులు మార్చారు, వలీని మార్చారు. భూమి దగ్గరికి వచ్చేసరికి అందరూ ఆగారు. ఎందుకు ఆగారన్నది మతం చెబుతుందా, రెవెన్యూ రికార్డులు చెబుతాయా? వకీళ్లు చాలామంది వచ్చారు, ఆ సంగతి మీరు మాట్లాడండి, నేను వింటాను.